బొప్పాయి పాఠం

గోగులలంక జిల్లా పరిషత్ హైస్కూల్లో బొప్పాయి చెట్టుకి దక్కినంత గౌరవం ఇంతవరకూ ఏ మాస్టారికీ దక్కలేదు. దానికి పూలదండ వేశారు. దాని పక్కన నిలబడి ఉప విద్యాధికారి గారు ఫోటో దిగారు. జిల్లాలోని బడులన్నీ దాన్ని ఆదర్శంగా తీసుకోవాలని తాఖీదు కూడా పంపించారు. ఇంత జరిగినా చెట్టు మాత్రం ఎప్పట్లాగే ఉంది. నేల మీద కాలు నిలవనిది హెడ్మాస్టరు తాతారావుకే.

తాతారావు చెడ్డవాడు కాడు. పైనుంచి ఏ కాగితం వచ్చినా ముందు కళ్ళకద్దుకుని, తర్వాత భయపడి, ఆ తర్వాత చదివే రకం. ఆ ఏడు బళ్ళు తెరవగానే వచ్చిన కాగితాన్ని మాత్రం చదివాక కూడా భయపడ్డాడు. దాని పేరు 'కౌమార వికాస వారోత్సవములు'. ఎదిగే వయసులో ఒంట్లో వచ్చే మార్పుల గురించీ, ఆడపిల్లలూ మగపిల్లలూ ఒకరితో ఒకరు మర్యాదగా మెలగడం గురించీ పిల్లలకి దాపరికం లేకుండా బోధించాలని అందులో ఉంది. అక్కడితో ఆగితే బాగుండేది. కింద ఇంకో వాక్యం ఉంది. 'సదరు బోధన యావత్తు ఎవరి మనోభావములకును భంగము వాటిల్లని రీతిని సాగవలెను. వాటిల్లినచో ప్రధానోపాధ్యాయులే బాధ్యులు.'

అంటే ఈత నేర్పాలి, ఒళ్ళు తడవకూడదు. తాతారావు ఆ సాయంత్రం అన్నం సరిగా తినలేదు.

భయం వేసినప్పుడు కమిటీ వెయ్యడం సర్కారీ సంప్రదాయం. 'పద సంస్కార ఉపసంఘం' అనేది వెలిసింది. తాతారావు కన్వీనరు. ఉప విద్యాధికారి సదానందం గారు స్వయంగా మార్గదర్శకులు. ప్రజల తరఫున తల్లిదండ్రుల సంఘం అధ్యక్షుడు రాంపండు. ఈ రాంపండుకి ఊళ్ళో టెంట్ హౌసూ, మైకు సెట్టూ, ఫ్లెక్సీలు ప్రింటు కొట్టే మిషనూ ఉన్నాయి. గోగులలంకలో ఏ ఆడపిల్ల పెద్దమనిషైనా, మేనమామ కంటే ముందు రాంపండుకి కబురెళ్తుంది. ఆ పిల్ల బొమ్మ మర్నాటికల్లా నిలువెత్తున సెంటర్లో వేలాడుతుంది. అసలు ఆ పిల్లకేమైందో మాత్రం తోటి పిల్లలకి ఎవరూ చెప్పరు.

పాఠం రాసింది సైన్సు చెప్పే ఎస్తేరు టీచరు. మీటింగులో ఆవిడ లేచి నిలబడి చదివింది. "ఈ వయసులో ఆడపిల్లలకు నెలకోసారి రక్తస్రావం మొదలవుతుంది. ఇది జబ్బు కాదు. భయపడవలసిన పని లేదు."

"ఆగండాగండి!" అన్నాడు రాంపండు చెవులు మూసుకుని. "రత్తం ఏటండీ బాబూ క్లాసులో? ఆడపిల్లలు కూకునే సోటండి అది!"

"ఆడపిల్లల కోసమే కదండీ చెప్తున్నది," అంది ఎస్తేరు టీచరు.

సదానందం గారు కళ్ళజోడు సవరించుకున్నారు. "అమ్మా, సదరు పదము హింసను స్ఫురింపజేయుచున్నది. ప్రత్యామ్నాయము పరిశీలింపుడు."

"ఎర్రటి ద్రవం అందామాండీ?" అన్నాడు తాతారావు.

"రంగు అనవసరము."

"పోనీ, ద్రవం?"

"అది భౌతికశాస్త్ర పరిధిలోనికి వచ్చును."

ద్రవం కొట్టేశారు. జబ్బు మాటెత్తితే జనం జడుసుకుంటారని రాంపండు అన్నాడు కాబట్టి 'జబ్బు కాదు' అన్నది కొట్టేశారు. దేనికి భయపడకూడదో లేనప్పుడు 'భయపడవలసిన పని లేదు' మాత్రం ఎందుకని అదీ కొట్టేశారు. చివరికి 'నెలకోసారి' అన్న మాట ఒక్కటీ మిగిలింది. నెలకోసారి వచ్చేది జీతమని పిల్లలు పొరబడే ప్రమాదం ఉందని సదానందం గారు దాన్నీ తీసేయించారు.

తర్వాత 'శరీరం' దగ్గర ఆగారు. రాంపండు ముఖం పక్కకి తిప్పుకున్నాడు.

"శరీరం లేకుండా ఎదగడం ఎలాగండీ?" అంది ఎస్తేరు టీచరు. ఆవిడ గొంతులో ఓపిక అడుగంటుతోంది.

"ఏమమ్మా, వృక్షములు ఎదుగుట లేదా?" అన్నారు సదానందం గారు.

తలకాయలు మూడూ కిటికీ వైపు తిరిగాయి. గొప్ప ఆలోచనలు పుట్టినప్పుడు అలాగే ఉంటుంది. పాఠంలోంచి పిల్లల్ని తీసేసి చెట్టుని పెడితే ఎవరి మనోభావాలకీ ఏ ఢోకా ఉండదని ముగ్గురికీ ఒకేసారి తట్టింది. అది గోదావరి సీమ గనక ముందు కొబ్బరిచెట్టు పేరే వచ్చింది.

"కొబ్బరికి ఆడపువ్వులూ మగపువ్వులూ ఒకే గెలలో ఉంటాయండీ," అంది ఎస్తేరు టీచరు, నిజం చెప్పే అలవాటు కొద్దీ.

"ఒకే గెలలోనా!" అన్నాడు రాంపండు. పాపం, అతనికి నాలుగెకరాల కొబ్బరితోట ఉంది. ఇన్నాళ్ళూ తన తోటలో ఇంత భాగోతం నడుస్తోందని అతనికి తెలీదు. కొబ్బరి రద్దయింది. తాటిచెట్టులో పోతు వేరు, పెంటి వేరు కాబట్టి పద్ధతిగానే ఉంటుందన్నారు గాని, దాని పేరెత్తగానే పదో తరగతి వాళ్ళకి కల్లు గుర్తొస్తుందని మానేశారు. నాటు బొప్పాయి దగ్గర అందరికీ మనసు కుదురుకుంది. ఆడచెట్టు వేరు, మగచెట్టు వేరు, మధ్యలో గోడ కట్టినా రెండూ తమ మానాన తాము ఎదుగుతాయి. ఇంత సంస్కారం గల చెట్టు మన బడి దొడ్లోనే ఉందని తాతారావు పొంగిపోయాడు.

మగపిల్లల పాఠం డ్రిల్లు మాస్టారికి అప్పగించారు. ఆయన వాళ్ళని ఎండలో వరసగా నిలబెట్టి, "లోకంలో ఆడపిల్లలందరూ మీకు అక్కచెల్లెళ్ళే, అర్థమైందా?" అని గర్జించాడు. తొమ్మిదో తరగతి వాడొకడు చెయ్యెత్తి, "మా మావయ్య కూతురు కూడానా సార్?" అన్నాడు.

డ్రిల్లు మాస్టారు ఈల ఊది క్లాసు ముగించేశాడు. విషయం ఉపసంఘానికి వెళ్ళింది. అత్యవసర సమావేశం జరిగింది. మేనమామ కూతుర్నే చేసుకున్న రాంపండు ఆ రోజు చాలా ఆవేశపడ్డాడు. "అంటే మా ఆవిడేటండీ నాకు?" అని బల్ల గుద్దాడు. 'మేనమామ, మేనత్త కుమార్తెలకు సదరు సోదరీభావము నుండి మినహాయింపు ఇవ్వడమైనది' అని సవరణ పాసయ్యాక గాని అతను కాఫీ ముట్టుకోలేదు. ఒక పిల్ల వద్దంటే దానర్థం వద్దనేనని, అడగకుండా ఎవరి ఫోటో తియ్యకూడదని, తీసి నలుగురికీ పంపకూడదని ఎస్తేరు టీచరు రాసిన వాక్యాలు కూడా ఆ పాఠంలో ఉన్నాయి. సవరణకే పొద్దుపోవడంతో అవి చర్చకి రాలేదు.

ఆఖరి తీర్మానం ఇళ్ళ గురించి. అమ్మమ్మలూ అమ్మలూ పిల్లలకి చాటుగా ఏవేవో చెప్తుంటారు. అవి అశాస్త్రీయం. బళ్ళో శాస్త్రీయంగా చెప్తుండగా ఇంట్లో ఇంకోటి చెప్తే పిల్లల బుర్రలు పాడవుతాయి. కాబట్టి వారోత్సవాలు పూర్తయ్యేదాకా సదరు విషయం ఇంట్లో ఎవరూ ఎత్తకూడదని తాతారావు చక్కటి దస్తూరీతో రాసి ఊరంతా పంపించాడు.

తాతారావుకి ఒక్కతే కూతురు, లాస్య. అదే బళ్ళో ఎనిమిది చదువుతోంది. ఆ రాత్రి వడ్డిస్తూ అతని భార్య సత్యవేణి గొంతు తగ్గించి, "ఏవండీ, దానికీ వయసొచ్చింది కదా. నేను నాలుగు ముక్కలు చెప్పి ఉంచనా?" అంది.

"నీకేమైనా మతిపోయిందా?" అన్నాడు తాతారావు. "బళ్ళో చెప్తున్నాం కదా, శాస్త్రీయంగా! ఆ తీర్మానం రాసింది నేనూ, నా ఇంట్లోనే దాన్ని దాటడమా?"

"మరి బళ్ళో అన్నీ వివరంగా చెప్తారా?"

"ఎందుకు చెప్పం? అన్నీ చెప్తాం," అన్నాడతను, చారు పోసుకుంటూ. సత్యవేణి సరేనంది. మొగుడు హెడ్మాస్టరు కదా అని నమ్మింది.

వారోత్సవాలు దివ్యంగా జరిగాయి. బొప్పాయి మొలక, ఎదుగుతున్న బొప్పాయి, ఎదిగిన బొప్పాయి అని మూడు చార్టులు కట్టారు. ఎస్తేరు టీచరు బెత్తంతో వాటిని చూపిస్తూ, తలుపు దగ్గర కుర్చీ వేసుకు కూర్చున్న రాంపండుని చూస్తూ, పళ్ళ బిగువున పాఠం చెప్పింది. పిల్లలు నోట్సు రాసుకున్నారు. వ్యాసరచన పోటీలో లాస్యకి మొదటి బహుమతి వచ్చింది. ఆ వ్యాసాన్ని సదానందం గారు పదే పదే చదివించుకుని విన్నారు. 'ఎదిగే వయసులో బొప్పాయి చెట్టు ఊరికే విసుక్కుంటుంది. అప్పుడు తల్లిదండ్రులు దానితో ప్రేమగా మాట్లాడాలి. బొప్పాయి చెట్టు రోజూ స్నానం చెయ్యాలి. పౌష్టికాహారం తినాలి. బొప్పాయి చెట్టు తన సందేహాలను సిగ్గుపడకుండా పెద్దలను అడగాలి.'

"అద్భుతము! ఎక్కడను శరీరము లేదు!" అన్నారాయన కళ్ళు చెమర్చి. గోగులలంక బడిని జిల్లాకే ఆదర్శంగా ప్రకటించారు. సన్మాన సభ పెట్టారు. బొప్పాయి చెట్టుకి దండ వేసేదీ, లాస్య తన వ్యాసం మైకులో చదివేదీ ఆ సభలోనే.

సభ రోజు ప్రార్థన అయింది, దీపం వెలిగించారు, లాస్య పేరు పిలిచారు. లాస్య రాలేదు. మళ్ళీ పిలిచారు. దాని స్నేహితురాలు పావని తాతారావు దగ్గరికి పరిగెత్తుకొచ్చి, "సార్, లాస్య సైన్సు గదిలో గడియ పెట్టేసుకుందండి. ఎంత పిలిచినా తియ్యట్లేదండి. ఏడుత్తందండి," అంది.

తాతారావు సభ వదిలేశాడు. పంచె ఎగదోపుకుని పరిగెత్తాడు. సైన్సు గది తలుపు మూసి ఉంది. లోపల వెక్కిళ్ళు వినబడుతున్నాయి.

"అమ్మలూ! నేనమ్మా, నాన్నని. తలుపు తియ్యి."

"తియ్యను," అంది లోపల్నుంచి లాస్య. "నాన్నా, నాకేదో పెద్ద జబ్బు చేసింది. నేను చచ్చిపోతాను. అమ్మకి చెప్పకు, ఏడుస్తుంది."

"ఛ, అవేం మాటలే! ఏమైంది?"

లోపల బల్ల జరిగిన చప్పుడైంది. తర్వాత చిన్న గొంతుతో, "రక్తం వస్తోంది నాన్నా. దెబ్బ కూడా తగల్లేదు. పొద్దుణ్ణించీ ఆగట్లేదు. నా సైకిలు పావనికి ఇచ్చెయ్యి," అంది.

తాతారావుకి అర్థమైంది. చెప్పాల్సింది రెండు ముక్కలు. జబ్బు కాదమ్మా, భయపడకు. ఆ రెండు ముక్కలూ తన చేత్తోనే కొట్టేశాడు. ఇప్పుడు నోరు తెరిస్తే అవి రావడం లేదు. తండ్రి గొంతు వెతుక్కుంటుంటే అతని లోపల్నుంచి హెడ్మాస్టరు గొంతు వచ్చింది.

"అమ్మా... మరి... బొప్పాయి చెట్టు ఉంది చూశావూ... అది ఎదిగేటప్పుడు..."

"చెట్టుకి కాదు నాన్నా!" అని అరిచింది లాస్య. "నాకు! నాకు వస్తోంది!"

తాతారావు తలుపుకి తల ఆనించి నిలబడిపోయాడు. అవతల మైకులో సదానందం గారు చెట్టుకి దండ వేస్తున్నట్టు ప్రకటిస్తున్నారు. చప్పట్లు వినబడుతున్నాయి. తన కూతురు పొద్దుట్నుంచీ ఒంటరిగా చావుకి సిద్ధపడిందని, సైకిలు ఎవరికివ్వాలో కూడా ఆలోచించుకుందని తల్చుకుంటే అతనికి తన మీద తనకే రోత పుట్టింది.

ఎస్తేరు టీచరు వచ్చి అతన్ని పక్కకి జరగమంది. "లాస్యా, నేనమ్మా. నీకే జబ్బూ లేదు. నాకూ నీ వయసులోనే వచ్చింది, మీ అమ్మకీ వచ్చింది. తలుపు తియ్యి, చెప్తాను," అంది. గడియ తీసిన చప్పుడైంది. ఆవిడ లోపలికెళ్ళి తలుపు దగ్గరికేసి, కమిటీ కొట్టేసిన మాటలన్నీ ఒక్కటీ వదలకుండా మామూలు గొంతుతో చెప్పింది. తాతారావు బయట నిలబడి విన్నాడు. ఆ మాటలకి కప్పేమీ కూలిపోలేదు. కాసేపటికి లోపల లాస్య ఏదో అడగడం, ఆవిడ నవ్వడం, తర్వాత లాస్య కూడా నవ్వడం వినబడింది.

ఇంటికెళ్ళాక సత్యవేణి అతన్ని ఒక్క మాటా అనలేదు. కూతుర్ని ఒళ్ళో పడుకోబెట్టుకుని తల నిమురుతూ కూర్చుంది. తిట్టి ఉంటే తాతారావుకి కాస్త హాయిగా ఉండేది.

కబురు రాంపండుకి అందనే అందింది. మర్నాడు పొద్దున్నే వాకిట్లోకి వచ్చి, "కంగ్రాట్సండి మాస్టారూ! ఫ్లెక్సీ నా ఖర్చండి, ఆయ్!" అన్నాడు. సత్యవేణి పుట్టింటివాళ్ళు నువ్వుల చిమ్మిలి ఉండలతో దిగారు. మేనమామ పట్టుపావడా తెచ్చాడు. తాటాకు చాప పరిచి లాస్యని మూలన కూర్చోబెట్టారు. ఎవర్నీ ముట్టుకోకూడదు, చాప దిగకూడదు అన్నారు. ఫంక్షన్ ముహూర్తం ఆదివారం పెట్టారు. మైకు సెట్టు మాత్రం శుక్రవారమే మొదలైంది.

సెంటర్లో ఫ్లెక్సీ లేచింది. 'చి. ల. సౌ. లాస్య పుష్పవతి అయిన శుభసందర్భమున' అని మూరెడేసి అక్షరాలు. కింద లాస్య బొమ్మ, దానికంటే పెద్దగా సదానందం గారి బొమ్మ, ఆయన పక్కన నమస్కారం పెడుతూ రాంపండు. బస్సు దిగినవాడికల్లా ఫలానా హెడ్మాస్టరు గారి అమ్మాయికి ఫలానా రోజున ఏమైందో తిథీ వారంతో సహా తెలిసిపోతోంది. ఊరి మగవాళ్ళు దాని కింద నిలబడి టీ తాగారు. ఎవరి మనోభావాలూ చెక్కుచెదరలేదు.

"నాన్నా," అంది లాస్య చాప మీంచి. "క్లాసులో చెప్పకూడని సంగతి సెంటర్లో ఎందుకు రాశారు?"

తాతారావు కండువాతో ముఖం తుడుచుకున్నాడు. "అది... క్లాసు కదమ్మా. ఇది ఫంక్షను," అన్నాడు. ఆ జవాబు అతనికే రుచించలేదు. ఆ రెండు రోజులూ అదే మాట చెప్పులో రాయిలా అతన్ని వదల్లేదు.

ఆదివారం తాతారావు ఇంటి ముందు షామియానా నిండిపోయింది. లాస్యని సింహాసనం కుర్చీలో కూర్చోబెట్టారు. సదానందం గారు అక్షింతలు వేసి వేదిక మీద కూర్చున్నారు. రాంపండు మైకు తెచ్చి తాతారావు చేతిలో పెట్టి, "రెండు ముక్కలు మాటాడండి మాస్టారూ," అన్నాడు.

తాతారావు మైకు పట్టుకుని కూతురి వంక చూశాడు. దాని కుర్చీ పక్కనే పావని నిలబడి పట్టుపావడా జరీ చూస్తోంది. ఆ పిల్లకి ఇంకా ఏమీ తెలీదు. రేపో ఎల్లుండో అదీ ఏదో ఒక గదిలో గడియ పెట్టుకుని, తన పుస్తకాలు లాస్యకి ఇచ్చెయ్యమంటుంది. తాతారావు గొంతు సవరించుకున్నాడు.

"మా అమ్మాయికి నెలసరి మొదలైందండీ," అన్నాడు. మైకు ఆ మాటని కాలవ అవతలి దాకా మోసుకుపోయింది. "రక్తం చూసి చచ్చిపోతాననుకుంది. తప్పు దానిది కాదు, నాది. జబ్బు కాదని ముందే చెప్పుంటే జడుసుకునేది కాదు. రేపట్నుంచి మన బళ్ళో ఈ పాఠం చెట్టు పేరు చెప్పకుండా, ఉన్నదున్నట్టు చెప్పనివ్వాలని పెద్దలందరి ముందూ అడుగుతున్నాను."

గొడవైపోతుందని అతను కళ్ళు మూసుకున్నాడు. ఏ గొడవా కాలేదు. మగవాళ్ళు పులిహోర తింటూ తలాడించారు. ఫంక్షనులో మాట్లాడినవి ఎవరికీ తప్పుగా తోచవు. వంటపందిరి దగ్గర ముసలమ్మ ఒకామె గరిటె పట్టుకుని ఆగిపోయి, "నా సిన్నప్పుడీ మాట సెప్పినోల్లు లేకపోయారు. రాత్రంతా గాదె కింద నక్కాను," అంది పక్కామెతో.

సదానందం గారు గంభీరంగా లేచి మైకు అందుకున్నారు. తాతారావు ఆశగా చూశాడు.

"ప్రధానోపాధ్యాయుల వారి ఆవేదన మాకు అవగతమైనది," అన్నారు. "సదరు పదములు పాఠశాల యందు అనుచితములు. కాని ఈ వేదికపై ఉచ్చరింపబడినప్పుడు ఎవరి మనోభావములకును భంగము వాటిల్లకుండుట మేము ప్రత్యక్షముగా గమనించితిమి. కావున ఇకమీదట సదరు పాఠమును పాఠశాలలో గాక, ప్రతి బాలికకును ఆమె ఫంక్షను వేదికపైననే బోధించునట్లు ఉత్తర్వులు జారీ చేయుదుము!"

చప్పట్లు మోగాయి. అందరికంటే గట్టిగా కొట్టింది రాంపండు. ప్రతి పాఠానికీ ఒక షామియానా మరి.

లాస్య కుర్చీలోంచి ముందుకి వంగింది. "సార్," అంది గట్టిగానే. "ఫంక్షన్ అయ్యేది వచ్చేశాక కదండీ. మరి పావనికి ముందు ఎవరు చెప్తారు?"

"ఆ బాలిక ఫంక్షను నాడు ఆమెకును బోధింపబడును. తొందర వలదు," అన్నారు సదానందం గారు దీవిస్తూ.

లాస్య తండ్రి వంక చూసింది. తాతారావు కూతురి వంక చూశాడు. తర్వాత దొడ్డి గుమ్మం వైపు కళ్ళతో సైగ చేసి, నెమ్మదిగా అడుగు పక్కకి వేసి, కుర్చీకీ జనానికీ మధ్య కండువా సర్దుకుంటున్నట్టు నిలబడ్డాడు.

భోజనాలయ్యాక ఫోటోలకి పిలిచారు. సింహాసనం ఖాళీగా ఉంది. పూలజడ తొడిగిన పిన్నమ్మలు గగ్గోలు పెట్టారు. ఇంకా దిష్టి తియ్యని పిల్ల వేదిక దిగి ఎక్కడికి పోయిందని సత్యవేణి తల్లి గుండె బాదుకుంది. తాతారావు దొడ్డి గుమ్మానికి అడ్డంగా కుర్చీ వేసుకుని కూర్చున్నాడు. అతని వెనక, ఇంటి పెరట్లో ఉన్న ఇంకో బొప్పాయి చెట్టు కింద, పట్టుపావడా మట్టిలో నలుగుతుండగా లాస్య బాసింపట్టు వేసుకుని కూర్చుంది. దాని ఎదురుగా పావని, ఇంకా క్లాసులోని ఆడపిల్లలు చాలామంది మోకాళ్ళు దగ్గరికి తీసుకుని నోళ్ళు తెరుచుకుని వింటున్నారు. వాళ్ళ వెనక ఎస్తేరు టీచరు గోడకి ఆనుకుని చిమ్మిలి తింటోంది. పాఠంలో ఆవిడ కల్పించుకోవాల్సిన అవసరం రాలేదు.

సదానందం గారు షామియానాలోంచి వచ్చి తాతారావు ముందు నిలబడ్డారు. "మాస్టారూ, ఫోటో తీయవలసియున్నది. అమ్మాయి ఏదయ్యా?"

తాతారావు కుర్చీలోంచి లేవలేదు.

"క్లాసులో ఉందండీ," అన్నాడు.